వాలుచేనుకు పోలీసులు

నోరు మంచిదైతే ఊరు మంచిదంటారు. మా ఊరి మంచితనం మిల్లు ఆసామి మా వాలుచేను చుట్టూ కంచె వేసిన రోజున చూశాను. ఒక్కడంటే ఒక్కడు నోరెత్తలేదు. ఎత్తింది నేనొక్కదాన్నే, అందుకే గయ్యాళినయ్యాను. పోనీ, అలాగే పిలుచుకోనీ.

కొండవాలు మీద మాకున్నది ఆ ఒక్క చేనే. మాలాంటి గిరిజనుల భూమి బయటివాళ్ళు కొనకూడదని చట్టం ఉంది. మిల్లు ఆసామి కొననూ లేదు, అడగనూ లేదు. తాతల నాటి కాగితం ఏదో ఉందన్నాడు, కంచె పాతించాడు. అప్పుడు చేను ఖాళీగా ఉన్నమాట నిజం. మా వాళ్ళ సేద్యమే అంత. కొన్నేళ్ళు పండించాక నేల అలిసిందనిపిస్తే వదిలేస్తాం. గడ్డి మొలవాలి, ఆకు రాలి కుళ్ళాలి, అప్పటిదాకా గునపం తగలకూడదు. మా ఆయనకు చాదస్తం మరీ ఎక్కువ. మూడేళ్ళు నన్ను పుల్లలు ఏరుకోవడానికి కూడా అటు వెళ్ళనివ్వలేదు.

తర్వాత విత్తనాలు పట్టుకుని వెళ్తే ఆసామి మనుషులు కర్రలతో తరిమారు. ఆ ఏడే మా ఆయనకు గుండె జబ్బు వచ్చింది. పెద్దాసుపత్రికి దగ్గరని పట్నంలో, బస్సు డిపో వెనక, ఒక గది అద్దెకు తీసుకున్నాం. కిటికీ తెరిస్తే డీజిలు కంపు. పొద్దున లేస్తూనే ఆయన అడిగేది ఒకటే.

"ఏమే, కొండ మీద వాన పడి ఉంటుందంటావా?"

"నాకేం తెలుసయ్యా? కొండేమన్నా నాకు ఫోను చేస్తుందా?" అనేదాన్ని. అంటూనే నేనూ ఆకాశం వైపు చూసేదాన్ని. ఈ వానలకు ఆయన్ని ఒక్కసారి ఆ చేలో కూర్చోబెట్టాలి, ఆయన కళ్ళముందు విత్తాలి. నాకు ఇంక వేరే కోరిక లేదు.

చేలోకి దిగి విత్తుకోవడానికి పోలీసు రక్షణ అడుగుతూ పెద్ద కోర్టుకు వెళ్దామని మా లాయరమ్మే చెప్పింది. ఆ మాట వినగానే ఆయన మొహం చేటంత అయింది.

"పోలీసులు ముందు, మనం వెనకానా? నాకు సలాం కూడా కొడతారంటావా?"

"కొట్టకపోతే నేను కొట్టిస్తాగా!" అన్నాను.

కేసు పిలిచిన రోజు మా మరిదిని తోడు తీసుకుని వెళ్ళాను. తీరా చూస్తే ఆసామి కూడా ఒక అర్జీ పెట్టాడు. మా వల్ల వాడికి ప్రాణభయమట, వాడికీ పోలీసులు కావాలట! దొంగే దొంగా దొంగా అని అరిచినట్టు. జడ్జిగారు రెండూ కలిపి విన్నారు.

"భూమి ఇప్పుడు ఎవరి స్వాధీనంలో ఉంది?" అన్నారు.

"మావాళ్ళ స్వాధీనంలోనేనండి," అంది లాయరమ్మ.

"మూడేళ్ళుగా అక్కడ నాగలి కట్టినవాళ్ళే లేరండి," అన్నాడు వాళ్ళ లాయరు.

మాట్లాడవద్దని లాయరమ్మ నాకు ముందే ఒట్టు పెట్టించింది. కానీ ఎలా ఊరుకోను?

"దున్నలేదు బాబూ, నిజమే! నేలకు విశ్రాంతి ఇచ్చాం. ఉయ్యాల్లో బిడ్డ నిద్రపోతోందని తల్లి పక్కకు తప్పుకుంటే, దిక్కులేని బిడ్డ అని ఎత్తుకుపోతారా?"

మరిది నా కొంగు పట్టి లాగాడు. లాయరమ్మ నుదురు పట్టుకుంది. జడ్జిగారు మాత్రం కసురుకోలేదు.

"అమ్మా, మీరు చెప్పేది నిజమే కావచ్చు. అవతలాయన కాగితం ఉందంటున్నారు. గిరిజన భూముల తగాదాలు వినడానికి వేరే అధికారి ఉన్నారు. సాక్షుల్ని విని, నేల చూసి, ఆయన తేల్చాలి. తేలకముందే నేను పోలీసుల్ని పంపితే, భూమి ఎవరిదో పోలీసులు తేల్చినట్టవుతుంది. కొట్లాట జరిగితే ఆపడం వాళ్ళ పని. మిమ్మల్ని గానీ అవతలాయన్ని గానీ చేలో కూర్చోబెట్టడం వాళ్ళ పని కాదు."

రెండు అర్జీలూ కొట్టేశారు.

వరండాలోకి రాగానే మరిది అందుకున్నాడు. "నీ నోటివల్లే పోయింది వదినా."

"అదేం కాదు, ఆవిడ మాట్లాడకపోయినా ఇంతే," అంది లాయరమ్మ. "ఆలోచించండమ్మా. ఆసామి అర్జీ మీద వాళ్ళకి పోలీసుల్ని ఇచ్చుంటే, రేపు జీపు మీ మీదికే వచ్చేది."

బుర్రకెక్కింది. మనసుకు ఎక్కలేదు.

"ఆ అధికారి తేల్చేసరికి ఈ వానలుంటాయా?"

ఆమె నా చెయ్యి పట్టుకుంది. "ఉండవమ్మా."

బస్సులో మరిది నిద్రపోయాడు. అదృష్టవంతుడు! నాకు మాత్రం చేను మీద బెంగ పుట్టింది. అత్తారింటికొచ్చిన పిల్లకు పుట్టింటి మీద పుట్టినట్టే పుట్టింది. పై గట్టు మీద కూర్చుంటే మధ్యాహ్నం కూడా చల్లగా గాలి వీస్తుంది. కొత్త కోడలిగా అక్కడే ఆయన పక్కన కూర్చుని అన్నం తిన్నాను. సిగ్గుపడి సగమే తిన్నానని ఆయన ఇప్పటికీ నవ్వుతాడు. ఆ గట్టు కావాలి నాకు. ఎవడి తలో పగలగొట్టైనా తెచ్చుకోవాలనిపించింది.

గదికి వచ్చేసరికి ఆయన ఉతికిన చొక్కా వేసుకుని మంచం మీద కూర్చుని ఉన్నాడు. పక్క గది ఆవిడ చేత తల కూడా దువ్వించుకున్నాడట.

"ఎప్పుడొస్తారే పోలీసులు?"

దారి పొడవునా ఒక అబద్ధం అల్లుకుంటూ వచ్చాను. నోరు తెరిస్తే నిజమే ఊడిపడింది.

"రారయ్యా. మనకీ రారు, వాడికీ రారు. అధికారి దగ్గరికి వెళ్ళి మనదేనని తేల్చుకోవాలట. ఈ వానలకు కాదట."

ఆయన చొక్కా పై గుండీ విప్పుకున్నాడు. తిడితే బాగుండును అనిపించింది.

"ఆ అధికారి చేను చూడ్డానికి వస్తాడా?"

"వస్తాడట."

"అయితే నేనుండాలి. ఎందుకు వదిలేశామో నువ్వేం చెప్తావు? తిట్లొక్కటే వచ్చు నీకు."

"అలాగే, తీసుకెళ్తాలే."

"ఇప్పటినుంచే నడక అలవాటు చేసుకోవాలి. చెప్పులు తియ్యి."

మంచం కింద నుంచి చెప్పులు తీసి, దుమ్ము దులిపి, నేల మీద కూర్చుని ఒక కాలికి తొడిగాను. రెండో పాదం వాచిపోయి ఉంది. ఎంత నెట్టినా చెప్పులోకి దూరలేదు.

"పట్టీ కాస్త వదులు చెయ్యవే," అన్నాడు.

పట్టీ అప్పటికే చివరి బెజ్జంలో ఉంది.