టీవీలో వాయిదా

హేమ పాపను పైకెత్తి, కోర్టుహాల్లో బల్లమీదున్న టీవీ వైపు తిప్పి, "నాన్నకి టాటా చెప్పమ్మా" అంది. పాప చెయ్యి ఊపింది. టీవీలో వరప్రసాదం నవ్వాడు, తల ఊపాడు. చెయ్యి మాత్రం ఎత్తలేదు.

"జైల్లో ఏమైనా ఇబ్బందా?" అని మేజిస్ట్రేటుగారు అడిగారు. వరప్రసాదం బొమ్మలో కనబడని ఎవరివైపో ఓరగా చూసి, "లేదండి" అన్నాడు. రిమాండు పొడిగించారు. తరవాత అదే టీవీలో శామ్యూల్ వచ్చి కూర్చున్నాడు. నుదుటి చెమటను భుజానికి రాసుకున్నాడు. అతని రిమాండూ పొడిగించారు.

బయటికి రాగానే శామ్యూల్ తల్లి దీనమ్మ హేమ జబ్బ పట్టుకుంది.

"మావోడు చెమట భుజంతో తుడుచుకున్నాడు, చూసేవా అమ్మాయ్? చేతులేవయ్యేయి వాళ్లకి?"

టాటాకి ఎత్తని చెయ్యి హేమకి గుర్తొచ్చింది.

టీవీ రాకముందు ప్రతి వాయిదాకీ మనుషులే వచ్చేవారు. బంగారరాజు రొయ్యల చెరువుల ఉప్పునీళ్లు ఊరి బావుల్లోకీ వరిచేలల్లోకీ ఊరుతుంటే, గట్టుకి గండి కొట్టిన కూలీలు వాళ్లు. వ్యాను దిగగానే కోర్టు వెనక బాదం చెట్టు కింద ఆడవాళ్లు క్యారేజీలు విప్పేవారు. పోలీసులు బీడీ వంకతో అటు తిరిగేవారు. అన్నం కలుపుకుంటున్న మనిషిని చూస్తే ఎక్కడ దెబ్బ పడిందో పెళ్లానికి తెలిసిపోయేది. ఒకసారి అలాగే కనిపెట్టి, దీనమ్మ కొడుకు చొక్కా ఎత్తి మేజిస్ట్రేటు ముందు నిలబెట్టింది. ఆ తరవాతే కొత్త మాట వచ్చింది. జైల్లో కెమెరా, కోర్టులో టీవీ. ఖైదీని కదిలించే పనే లేదు.

కోర్టు గుమస్తా వచ్చి అడిగిననాడు పాప ఒళ్లు కాలిపోతోంది. మధ్యాహ్నమైనా వ్యాను జాడ లేదు. "టీవీ అయితే ఈ పడిగాపులుండవు, ఏమంటారమ్మా?" అన్నాడు. దీనమ్మ మూతి తిప్పుకుంది. హేమే అంది, "ఆయ్, అదే బాగుంటాదండి" అని. గుమస్తా లోపలికెళ్లి, వాళ్ల ఆడవాళ్లే కావాలంటున్నారని చెప్పేశాడు.

ఆదివారం అల్లవరం దారిలోని పాకల మధ్య మీటింగు జరిగింది. సంఘం పెద్ద ఏడుకొండలు అర్జీ పెడదామన్నాడు.

"అర్జీని కూడా టీవీలోనే చూపించమంటారేమో అన్నయ్యగారూ!" అంది దీనమ్మ. జనం నవ్వారు. హేమ నవ్వలేదు. లేచి నిలబడింది.

"ఆ టీవీ నావల్లే వచ్చింది. నా పిల్లని చూసుకున్నాను. మీ మగాళ్లందర్నీ నేనే అప్పజెప్పేను."

"నువ్వు ఊఁ అనకపోతే మానేద్దురా?" ఏడుకొండలు విసుక్కున్నాడు.

"మానరు" అంది దీనమ్మ. "కానీ అంది కదా! అన్న నోటితోనే ఇప్పుడు కాదనాలి. అను అమ్మాయ్, వెనకాల మేం లేమూ?"

తరవాతి వాయిదాకి కోర్టుహాలు చాలలేదు. కోత కూలీలు, కొబ్బరికాయ వలిచేవాళ్లు, క్లాసులెగ్గొట్టి వచ్చిన కాలేజీ పిల్లలు. వరప్రసాదం టీవీలో కనబడగానే హేమ పాపని భుజాన వేసుకుని ముందుకి నడిచింది.

"అయ్యా, మా ఆయన్ని ఒక్కసారి చేతులెత్తమనండి."

బంట్రోతు అడ్డొచ్చాడు. మేజిస్ట్రేటుగారు అతన్ని ఆపి, "ఎత్తవయ్యా" అన్నారు.

వరప్రసాదం ఓరగా చూశాడు. తరవాత భార్య గొంతు వచ్చిన వైపు చూశాడు. ఎడమచేత్తో కుడి మణికట్టు పట్టుకుని పైకి లేపాడు. వేళ్లు నల్లగా కమిలి, ఒకదానికొకటి ఆనుకునేంతగా వాచిపోయి ఉన్నాయి.

బొమ్మ ఆరిపోయింది.

"లైను పోయిందండి" అన్నాడు గుమస్తా.

"ఇప్పుడే పోయిందా నాయనా!" అంటూ దీనమ్మ నేలమీద చతికిలబడింది. ఆవిడ పక్కన హేమ కూర్చుంది, వెనక హాలంతా కూర్చుంది. "టీవీ వద్దు! మనుషుల్ని తీసుకురండి!"

బొమ్మ మళ్లీ వచ్చేసరికి కుర్చీ ఖాళీగా ఉంది. శామ్యూల్ పేరు పిలిచారు. రాలేదు. ఇంకో పేరు పిలిచారు. ఎవరూ రాలేదు. జైల్లో వరసలో నిలబడ్డవాళ్లు వరప్రసాదాన్ని ఈడ్చుకెళ్లడం చూసినట్టున్నారు. కనబడని చోటినుంచి గొంతులు లేచాయి: "కూర్చోం! కోర్టుకి తీసుకెళ్లండి!"

ఆ ఖాళీ కుర్చీకి ఈ రాత్రి వాళ్లమీద ఎన్ని లాఠీలు విరుగుతాయో! కూర్చోండయ్యా, చంపేస్తారు, అందామని హేమకి నోటిదాకా వచ్చింది. ఒకసారి అలాగే భయపడి అన్న మాటే కదా ఇంతదాకా తెచ్చింది. భుజంమీద పాప ఏడుస్తోంది. ఆడపోలీసు వచ్చి జబ్బ పట్టి లాగింది.

"లేస్తావా, లోపలెయ్యమంటావా?"

"ఎయ్యండి" అంది హేమ. "వాయిదాకి మాత్రం ఇక్కడికే తేవాలి. నన్నైనా, వాళ్లనైనా."

దీనమ్మ అందుకుంది. హాలు అందుకుంది.

"మనుషుల్ని తీసుకురండి!"