హాజరు పలికే గడ్డి

పొద్దున్నే డేరాల ముందు హాజరు. తర్వాత గంజి, తర్వాత ట్రాక్టర్లు. పందొమ్మిది వందల యాభై నాలుగులో, సోవియట్ల కాలంలో, ఆ కజక్ మైదానంలో రోజూ ఇదే.

దళనాయకుడు గొర్దేయ్ పేర్లు పిలుస్తాడు. లైన్లో ఉన్నోళ్లు "ఉన్నా" అంటారు. జ్వరమొచ్చి డేరాలో పడుకున్నోళ్ల బదులు దున్నని గడ్డి అంటుంది, అచ్చం వాళ్ల గొంతుతోనే. గొర్దేయ్ టిక్కు పెట్టేసి తర్వాతి పేరుకి వెళ్లిపోతాడు.

తప్పు వీళ్లదే. బీడు దున్నడానికొచ్చి రైలు దిగిన రోజు ఉపన్యాసాల వేడిలో తలా చిటికెడు మట్టి నాలుక మీద వేసుకుని ఒట్టు పెట్టారు, ఈ నేలంతా దున్నేదాకా కదలమని. ఎవరూ వేసుకోమన్లేదు. ట్రాక్టరు తోలే సాబిత్ అక్కడివాడే. "మీరు తిన్నారు సరే. అది తినకుండా ఊరుకుంటదా?" అన్నాడు. అందరూ నవ్వారు.

వాళ్లలో రిమ్మా పని ట్రాక్టరు వెనక నాగలి మీది ఇనప సీట్లో. చాలు చివర లివరు లాగి నాగలి ఎత్తాలి, తిరిగాక దించాలి. కునుకు పడితే కర్రుల కిందికే. నెలకే అరచేతులు కాయలు కాశాయి.

అప్పుడొచ్చింది టెలిగ్రాం. సరతోవ్‌లో అమ్మకి బాలేదు, వెంటనే రా అని.

"దున్నకం అయ్యాక వెళ్లు," అన్నాడు గొర్దేయ్. "హాజరులో ఒక్క పేరు తగ్గితే నా తోలు తీస్తారు."

"తగ్గకపోతే?"

గొర్దేయ్ పెన్సిలు చెవిమీద పెట్టుకుని పక్కకి చూశాడు.

"ల్యోన్యాని చూశావుగా," అన్నాడు సాబిత్. "వాడి బదులు నాలుగ్రోజులు గడ్డి పలికింది. వాడికి సగం గొంతు పోయింది."

"అమ్మ దగ్గర గొంతెందుకు, బాబాయ్? చెయ్యి పట్టుకుంటా చాలు."

మర్నాడు నీళ్ల లారీ ఎక్కేసింది. వెనక హాజరు మొదలైంది.

"రిమ్మా."

"ఉన్నా," అంది గడ్డి, ఆవలింత ఆపుకుంటూ, రిమ్మాలాగే.

ఐదోరోజు మధ్యాహ్నం ఇల్లు చేరింది. అమ్మ కళ్లు తెరిచే ఉన్నాయి, చూపు లేదు.

"ఎవరది?"

రిమ్మా నోరు తెరిచింది. నాలుక మీద మట్టి రుచి తగిలింది, అంతే. గబగబా వెళ్లి చెయ్యి పట్టుకుంది. అమ్మ వేళ్లతో తడిమి వదిలేసింది.

"ఇంత గరుకు చెయ్యి... మా రిమ్మాది కాదు. ఎవరమ్మా నువ్వు?"

అదే సమయానికి మైదానంలో అందరూ సూప్ తాగుతున్నారు. ఎవరూ ఏ పేరూ పిలవలేదు.

"నేనే అమ్మా," అంది గడ్డి. "నేనే. వచ్చేశా."

గొర్దేయ్ చెంచా దించాడు. సాబిత్ లేచి ట్రాక్టరెక్కాడు. గొంతు వినపడ్డ గడ్డి దాకా దున్నుకుంటూ వెళ్లి, దిగి లివరు లాగి నాగలి ఎత్తి, ఆ గడ్డి చుట్టూ తిప్పుకుని అవతల దించాడు.

ఆ ముక్క ఇప్పటికీ బీడే.