ఎదురెదురు కిటికీలు

సారాయెవో కొండవాలున, పెద్దమ్మ షెమ్సా ఇంట్లో, రుస్మీర్ తన మొదటి సినిమాకు చిట్టచివరి షాట్ తీస్తున్నాడు. రెండు కథల పుస్తకాల రచయితగా ఊరు ఎరిగినవాడే. దర్శకుడనిపించుకోవాలంటే మాత్రం ఈ షాట్ పండాలి. తండ్రి చావుకబురు చదివిన కూతురు కదలక కూర్చోవాలి, వెనక కిటికీ తెర గాలికి లేవాలి. నాలుగింటికి గోడమీది ఎండ పోతుంది. నాయిక అల్మాసా ఆ సాయంత్రమే జాగ్రెబ్ బస్సెక్కుతుంది.

గాలి ఆడాలని ఎదురెదురు కిటికీలు రెండూ తెరిపించాడు. ఎదురెదురు కిటికీల గాలి తగిలితే జబ్బు చేస్తుందని ఆ ఊళ్లో అందరి నమ్మకం. అంతే, యూనిట్ యావత్తూ మెడలకు మఫ్లర్లు చుట్టుకుంది.

"వద్దు సార్," అన్నాడు కెమెరామన్ వెదాద్. "మా బాబాయి ఇలాగే రెండు కిటికీల మధ్య కూర్చున్నాడు, మూతి వంకరపోయింది."

"మీ బాబాయి రోజుకో సీసా సారా తాగుతాడు కదా. దాన్నెందుకు అనుమానించవు?"

"సారాకి కిటికీలుండవు కద సార్."

జబ్బులు క్రిముల వల్ల వస్తాయని రుస్మీర్ ఐదు నిమిషాలు వివరించాడు. ఆ మేరకు ఎండ తగ్గింది.

మొదటి టేకులో తెర లేచి, వెంటనే వాలిపోయింది. చూస్తే కెమెరా వెనక కిటికీ మూసి ఉంది. ఎవరూ మూయలేదన్నారు. రెండో టేకులోనూ అదే తంతు.

"ఆ దొంగచెయ్యి గోడమీది అద్దంలో పడే ఉంటుంది. తర్వాత తేలుస్తా," అని రుస్మీర్ కిటికీరెక్కను తాడుతో కట్టించాడు.

మూడో టేకులో తెర చక్కగా ఎగిరింది. సరిగ్గా అప్పుడే షెమ్సా కాఫీ పళ్లెంతో వచ్చింది. గాలిలో, మెడమీద ఏమీ లేకుండా ఉన్న పిల్లను చూసింది. పళ్లెం దించి, కెమెరా ముందునుంచే నడిచి, తెర వెనక కిటికీ మూసి, తన శాలువా అల్మాసా మెడకు చుట్టింది.

"పోయినాయన ఎలాగూ రాడు. నువ్వు కూడా గాలికి పోతావా తల్లీ? కాఫీ తాగు."

రెండు టేకుల్లోనూ చెమ్మగిల్లని అల్మాసా కళ్లు నవ్వుతో మొదలై, ఏడుపుతో నిండాయి. ఎవరూ కట్ చెప్పలేదు. ఎండ గోడ దిగిపోయింది.

తాను రాయని ముగింపు తనకు దొరికిందని రుస్మీర్‌కు అర్థమైంది. ఇల్లంతా గంతులేయాలనిపించింది.

"పెద్దమ్మా, ఇందులో నీ వేషం లేదు కదా?"

"కిటికీ నాదేరా."

అందరూ మానిటర్ చుట్టూ మూగి, దొంగకోసం రెండో టేకు చూశారు. అద్దంలో ఒక చెయ్యి మెల్లగా వచ్చి కిటికీ తోసింది. దానికి పగిలిన అద్దం గడియారం ఉంది. అందరి చూపులూ రుస్మీర్ మణికట్టుమీద వాలాయి.

"సార్, మీరు గాని సారా పుచ్చుకున్నారా?" అన్నాడు వెదాద్ వినయంగా.

సాక్ష్యాన్ని కాదనడం రుస్మీర్‌కు చేతకాదు.

"లేదయ్యా. నాకే తెలియకుండా మూసినట్టున్నాను. మెడమీద చల్లగా తగిలింది," అన్నాడు.