హాజరు పట్టీల లేనోడు

పత్తి మిల్లు ఆఫీసుల గుమాస్తా పల్లీలు తినుకుంట రిజిస్టర్ తిప్పిండు. పొట్టు ఊదితే ఎదురుంగ నిలబడ్డ సరోజన చీర మీద పడ్డది. సూసి గూడ సూడనట్టే ఉన్నడు.

"పండరి అనేటోడు మా కాడ పనే చెయ్యలేదమ్మా."

చెయ్యలేదట. ఎనుమాముల మార్కెట్ ఎనుక ఈ మిల్లులనే, పత్తి బేళ్లు కట్టే ప్రెస్సు కాడ పన్నెండేండ్లు బొక్కలరగ చేసిండు. ఇరవై దినాల కింద బేలు జారి రొమ్ము మీద పడితే, దవాఖానకు పోయే తొవ్వలనే పానం పోయింది. పీఎఫ్, గ్రాట్యుటీ, ఆఖరు నెల జీతం అడుగుదామని పెండ్లాం వస్తే, అసలు మనిషే లేడంటాండు. థూ.

"మరి సచ్చిందెవలు సారూ?"

"మా రిజిస్టర్ల ఉన్నది వెంకట్రాజం. ఆయన డెత్ సర్టిఫికెట్ తే, ఇస్తం," అని పండ్లు ఇకిలిచ్చిండు.

వెంకట్రాజం సరోజన సొంత తమ్ముడు. కాజీపేటల ఆటో నడుపుకుంట నిమ్మళంగ ఉన్నడు. బతికున్నోడు సచ్చిండని కాయితం యాడికెళ్లి తేవాలె?

ఈ మిల్లు రివాజే గట్ల. ఒక్క పేరు మీద ఐదేండ్లు నిండితే గ్రాట్యుటీ హక్కొస్తదని, కంట్రాక్టర్ రాంచందర్ మూడేండ్లకోపారి కార్డు మార్పిచ్చేటోడు. తమ్మునిదో బామ్మర్దిదో ఆధార్ కార్డు తెచ్చినోనికే పని. జీతం చేతికే ఇచ్చేటోడు గనుక ఎవలూ ఫికర్ చెయ్యలె. పొద్దుగాల హాజరు పిలిస్తే ఒకని పేరుకు ఇంకొకడు పలుకుడు, పడిపడి నవ్వుకునుడు. తమ్ముని కార్డు అడిగి తెచ్చి మొగని చేతుల పెట్టింది సరోజననే. అది యాదికొస్తే ఆమెకు తన మీద తనకే రోత పుట్టింది.

ఆదివారం పొద్దున మిల్లు పనోళ్లు నలభై మంది ఆమె వాకిట్ల జమైండ్రు.

"వదినెకు పైసలు రావాలంటే అందరం అసలు పేర్లు చెప్పాలె," అన్నడు ప్రెస్సు కాడ పండరికి జోడీ అయిన దేవదాస్.

"చెప్తే దొంగ కార్డు కేసు మన మీదనే పెడ్తరు," అన్నడు రాజమల్లు. "పిల్లలు గలోణ్ని. నా ముచ్చట ఎత్తకుండ్రి."

పత్తి ఏరే ముసలి మొగిలమ్మ లేచింది. "నేను నా కోడలు పూజ పేరు మీద చేస్తాన. పట్టీల నా వయసు ఇరవై ఎనిమిదేండ్లు. రేపు నేను సస్తే నా కొడుకు ఏమని రాసియ్యాలె, పెండ్లాం సచ్చిందనా? నువ్వు సచ్చినా నీ పిల్లలకు గిదే గతి, బిడ్డా."

రాజమల్లు తల ఒంచుకున్నడు. ఈ పారి ఎవలూ నవ్వలె.

సోమవారం గేటు కాడ రాంచందర్ హాజరు పిలిచిండు. ఒక పేరు. పలుకలె. ఇంకో పేరు. పలుకలె. నలభై పేర్లు సదివిండు, నలభై మంది ఎదురుంగనే నిలబడ్డరు, ఒక్కలు పలుకలె.

"అసలు పేర్లతోని పిలువు," అన్నది పనోళ్లతోని వచ్చిన సరోజన. "పండరి పేరుతోని మొదలువెట్టు."

రాంచందర్ పోలీసులకు ఫోన్ కొట్టిండు. ఎస్సై బండి దిగంగనే రాంచందర్ ఒర్లిండు. "మోసం సార్. దీని మొగడు పండరి పన్నెండేండ్లు మా మిల్లుల దొంగ పేర్ల మీద పని చేసిండు. కార్డు తెచ్చిచ్చింది ఇదే. లోపలెయ్యుండ్రి."

"రాసియ్యి," అన్నడు ఎస్సై.

కోపం మీదున్నోనికి సోయి ఏడుంటది? బండి బానెట్ మీద పెట్టి బరబర రాసి సంతకం గీకిండు. గుమాస్తా ఉరికొచ్చి "రాయకుండ్రి సార్" అని చెయ్యి గుంజేటాలకు కాయితం ఎస్సై చేతుల పడ్డది.

సరోజనను బండెక్కమన్నరు. ఎక్కింది. ఆమె ఎనుక మొగిలమ్మ గూడ ఎక్కి కూసున్నది. "నాదీ దొంగ పేరే సారూ. మొగిలమ్మ, తొమ్మిదేండ్లు. రాసుకో." దేవదాస్ ఎక్కిండు. జనాన్ని నూక్కుంట రాజమల్లు ముందటికొచ్చిండు. "రాజమల్లు, పద్నాలుగేండ్లు. నాది గూడ రాయుండ్రి." బండిల జాగ లేక మిగిలినోళ్లు స్టేషన్ దాక నడిచిండ్రు. మిల్లుల ఒక్క మిషన్ తిరుగలె.

స్టేషన్ల ఎస్సై ఆమెను బల్ల మీద కూసోమన్నడు. సరోజన కూసోలె.

"రాంచందర్ రాసిచ్చిన కాయితం నకలు నాకియ్యి సారూ. నా మొగడు ఆ మిల్లుల పన్నెండేండ్లు చేసిండని వాళ్లంతట వాళ్లే రాసి సంతకం పెట్టిండ్రు."