పిట్ట ముట్టని బీరు

మా ఆయన పోయి పదమూడు రోజులైంది. ఇవాళ కూడా సరిగ్గా అయిదున్నరకు సికింద్రాబాద్ క్లాక్ టవర్ కింద నిలబడి, వాక్‌కు వచ్చినవాళ్ళ పేర్లు చదువుతున్నాడు. తొమ్మిదో పేరు నాది.

"సులోచన గారు?"

"ఉన్న," అంటాను.

ఆయన తలెత్తి చూసి, పేరు పక్కన టిక్కు పెట్టి, కాగితం మడిచి జేబులో వేసుకుంటాడు. ఇరవై రెండేళ్ళు కాపురం చేసిన మనిషిని చూసినట్టు ఒక్క కనురెప్ప కూడా కదలదు. నాకు ఒళ్ళు మండుతుంది. పోయినవాడితో నలుగురిలో గొడవేమిటని ఊరుకుంటాను.

ఆయన పని ఇదే. రోజూ సాయంత్రం పూట పై ఊళ్ళవాళ్ళను వెంటబెట్టుకుని, మేం లష్కర్ అని పిలుచుకునే ఈ సికింద్రాబాద్ గల్లీల్లో తిప్పుతాడు. రెండు చోట్ల ఇక్కడి బీరు, ఒకచోట ఇక్కడి తిండి, దారి పొడవునా చరిత్ర, చివర ఒక పాత ఇల్లు. రోజూ చెప్పులు వేసుకుంటూ "నువ్వు గూడ రారాదే" అనేవాడు. తాగుబోతుల వెంట నేనెందుకు తిరుగుతానని ఒక్కసారి కూడా రాలేదు. ఇవాళ వచ్చానంటే కారణం ఉంది. పిట్ట ముట్టలేదు.

మాలో మనిషి పోయిన మూడో రోజు పిట్టకు పెడతాం. పోయినవాళ్ళకు ఏమేం ఇష్టమో అవన్నీ విస్తరిలో పెట్టి, దూరంగా జరిగి, కాకి కోసం చూస్తాం. కాకి ముడితే మనిషి తృప్తిగా వెళ్ళినట్టు. నేను మేక పేగుల బోటి వండాను, గారెలు చేశాను, సిగరెట్ వెలిగించి పెట్టాను. "వదినా, అన్న బీరు టూర్ నడిపినోడు, బీరు లేకుంటే ఎట్ల?" అని మా మరిది దశరథ్ ఆరు రకాల సీసాలు తెచ్చి మూతలు తీసి వరసగా నిలబెట్టాడు. కాకి వచ్చింది. ఒక్కో సీసాలోకి తొంగి చూసింది. ప్రహరీ గోడ ఎక్కి మాకు వీపు తిప్పి కూర్చుంది. పొద్దున ఎనిమిది నుంచి ఒంటిగంట దాకా దశరథ్ చేతులు జోడించి "ఏం తక్కువైందే అన్నా, చెప్పే" అని బతిమాలుతూనే ఉన్నాడు. చివరికి విస్తరి అక్కడే వదిలేసి ఇంటికొచ్చాం.

అప్పటి నుంచి నాకు ముద్ద దిగడం లేదు. ఆయనకు ఏం కావాలో నాకు తెలియలేదని పది మంది ముందు కాకి చెప్పింది. అందుకే ఆ విస్తరిలోవన్నీ మళ్ళీ చేసి, స్టీలు డబ్బాలో సర్దుకుని వచ్చాను. దారిలో ఎక్కడో ఒకచోట ఆయన నోట్లో ఒక్క ముద్ద పడితే చాలు.

"పోదామా అండి," అంటాడు ఆయన. క్లాక్ టవర్ మాకు దారి ఇవ్వడానికి కొంచెం పక్కకు జరుగుతుంది. మేం కాస్త దూరం పోయేదాకా నిలబడే ఉండి, వెనక్కి తిరిగి చూస్తే అరుగు మీద కూర్చుని ఉంటుంది. రోజంతా నిలబడే పని కదా.

మోండా మార్కెట్ వెనక గల్లీలోకి తిరుగుతాం. గల్లీ చిన్నది, చివర బార్ బోర్డు కనబడుతూనే ఉంది. కానీ ఆయన ఏదో ఒక సంవత్సరం చెప్పినప్పుడల్లా గల్లీకి ఒక ఇల్లు పెరుగుతుంది. తెల్లదొరల పటాలం ఏ ఏడు దిగిందో చెబుతాడు, కుడివైపు ఒక ఇల్లు. ప్లేగు ఏ ఏడు వచ్చిందో చెబుతాడు, ఎడమవైపు ఒకటి, తలుపుకు తాళం వేసి ఉంది. బార్ వెనక్కి వెనక్కి పోతుంది. ఇంట్లోనూ ఇంతే, ఉప్పు అందించమంటే ఉప్పు ఎక్కడి నుంచి వచ్చిందో మొదలుపెట్టేవాడు, కూర చల్లారిపోయేది.

"మీరొక్కరే వచ్చేరాండీ?" అని నా పక్కన నడుస్తున్న రాజమండ్రి ఆవిడ అడుగుతుంది.

"మా ఆయన ముందల నడుస్తున్నడు," అంటాను.

"అదృష్టవంతులండీ. మా వారు ఎప్పుడూ వెనకే," అంటుంది. ఆమె వెనక ఎవరూ లేరు.

ఆయన ఊపిరి తీసుకోవడానికి ఆగిన రెండు నిమిషాల్లో గబగబా నడిచి బార్‌లో పడతాం. బీరు పోస్తారు. నురగ గ్లాసు దాటి, బల్ల దాటి, పైకప్పుకు అంటుకుని, అక్కడి నుంచి సన్నగా వానై కురుస్తుంది. వెయిటర్ మనిషికో గొడుగు ఇస్తాడు. అందరూ ఒక చేత్తో గొడుగు, ఒక చేత్తో గ్లాసు పట్టుకుని, గుడాలు ఎలా తినాలో తెలియక ఒకరి నోట్లో ఒకరు పెట్టుకుంటారు. గుడాలంటే ఉడకబెట్టి తాలింపు వేసిన శనగలు. ఆయన గొడుగు తీసుకోడు. గ్లాసు పట్టుకుని ఒక మూలన నిలబడి బీరు ఎలా కాస్తారో చెబుతున్నాడు. ఆయన కాళ్ళ దగ్గర నాపరాళ్ళ సందులో పచ్చగా ఏవో మొక్కలు, మడమ దాకా పెరిగాయి. బార్ వాళ్ళు ఊడ్వరు కాబోలు అనుకుంటాను.

డబ్బా తీసి దగ్గరికి వెళతాను. "సార్, గారె తింటరా?"

"డ్యూటీల తినను మేడం. థాంక్స్."

మేడం అట. పెళ్ళయిన కొత్తలో సులోచనా అని పిలవడానికి సిగ్గుపడి, గోడకు చెప్పినట్టు మాట్లాడేవాడు. ఆ గోడ బతుకే నయం.

రెండో చోటు హోటల్. ఇక్కడి బోటి కూర గిన్నె ఎంత లోతంటే, వంటాయన నిచ్చెన వేసుకుని లోపలికి దిగి వడ్డిస్తాడు. గిన్నె ఎప్పుడూ కడగలేదు, ఏ రోజు కూర మీద ఆ రోజు కూర వండుతూ వచ్చారు. కిందికి దిగేకొద్దీ పాత కూర. బెంగళూరు నుంచి వచ్చిన కుర్ర జంట తమ తాతల కాలం నాటిది అడుగుతారు. చాలాసేపటికి రెండు ప్లేట్లు పైకొస్తాయి, ఇంకా పొగలు కక్కుతూనే ఉన్నాయి. వాళ్ళు తింటూ, ఎందుకో తెలియకుండా ఒకరినొకరు బాబాయి, పిన్ని అని పిలుచుకుంటారు.

నేను గిన్నె అంచు మీదికి వంగి అడుగుతాను. "అన్నా, పోయిన నెలది ఉందా?"

కింద గరిటె చప్పుడు ఆగుతుంది.

"అయిపోయిందమ్మా. వచ్చినోళ్ళంత గదే అడుగుతరు."

నేను నిటారుగా నిలబడతాను. నాకు ఏడుపొస్తుంది, ఏడుస్తాను. ఎవరూ వింతగా చూడరు. ఆయన మాత్రం నన్ను చూపించి, "ఇక్కడ కారం జర ఎక్కువుంటది," అని మిగతావాళ్ళకు జాగ్రత్త చెబుతాడు. నా డబ్బాలోని బోటి ఇవ్వబోతే మళ్ళీ అదే మాట, డ్యూటీల తినను.

రెండో బార్ డాబా మీద ఉంది. పొద్దు గుంకుతోంది. కింద స్టేషన్ నుంచి రైళ్ళు ఇంజన్ ముందు, పెట్టెలు వెనక కాకుండా, దేనికి తోచినట్టు అది బయల్దేరుతున్నాయి. ఈసారి నేను ఆయన పక్కనే నిలబడతాను, మోచెయ్యికి మోచెయ్యి ఆనించి. చల్లగా లేదు, వెచ్చగా లేదు, చొక్కా మాత్రం నేను ఉతికినదే.

నా గ్లాసు ఆయనకు ఇస్తాను. "ఇదన్న తాగయ్యా. ఆరు సీసాలు పెడితే ఒక్కటి ముట్టకపోతివి. ఏది తక్కువైందో నాకు తెల్వాలె."

ఆయన గ్లాసు మర్యాదగా రెండు చేతులతో తీసుకుంటాడు. వంగుతాడు. చుక్క మిగలకుండా నేల మీద పోస్తాడు. అమ్మవారికి సాక పోసినట్టు, తొందర లేకుండా, కళ్ళు మూసుకుని. తర్వాత తన గ్లాసు కూడా పోస్తాడు. డాబా సిమెంటు గుటకలు వేస్తుంది. ఆయన నిలబడే ఆ ఒక్క చోట మొక్కలు నా నడుము దాకా ఉన్నాయి. బార్లీ, బీరు కాచే గింజ. కంకులు వేసి పండింది. ఒక్క రోజు పోస్తే పెరిగే పంట కాదది.

"ఎన్నేండ్ల సంది పోస్తున్నవ్?" అని అడుగుతాను.

"ఆఖరి చోటు చూపిస్తే అర్థమైతది మేడం," అంటాడు.

ఆఖరి చోటు మా ఇల్లు. రెండు గదులు, ముందు మూడు మెట్లు. మెట్ల మీద నేను ఉదయం వదిలిన చీపురు. ఆయన గుంపును గోడ వారగా నిలబెట్టి, చరిత్ర చెప్పే గొంతు సవరించుకుంటాడు.

"ఈ ఇంట్ల సులోచన అని ఒకామె ఉండేది."

అందరూ ఫోన్లు పైకెత్తి ఫోటోలు తీస్తారు. నేను అడ్డంగా ఉన్నానని బెంగళూరు కుర్రాడు కాస్త జరగమంటాడు. జరుగుతాను.

"ఆమె మొగడు రోజు సాయంత్రం పని మీద పోయి వచ్చి, తలుపు మూడుసార్లు కొట్టేటోడు. ఆమె తీసి, లోపలికి రానిచ్చేది గాదు. గడప మీద నిలబెట్టి, మొహం దగ్గర మొహం పెట్టి 'ఊదు' అనేది. ఆయన ఊదేటోడు. వాసన చూసి, 'మళ్ళ తాగినవ్' అని పదిండ్లు వినబడేటట్టు తిట్టి, అప్పుడు అన్నం పెట్టేది."

"పాపం, అంత తాగేవాడాండీ?" అంటుంది రాజమండ్రి ఆవిడ.

"చుక్క ముట్టలేదమ్మా. ఆయనకు బీరు వాసనే పడదు. గ్లాసు చేతిల లేకుంటే వచ్చినోళ్ళు మొహమాటపడతరని పట్టుకునేటోడు, నేలకు పోసేటోడు."

నడుము దాకా పెరిగిన బార్లీ కళ్ళ ముందు కదులుతుంది. ఇరవై రెండేళ్ళు ఒక మంచినీళ్ళ మనిషిని తాగుబోతని తిట్టాను. చివరికి మూడో రోజున ఆరు సీసాలు తెరిచి ఆయన ముందే పెట్టాను. కాకి వీపు తిప్పిందంటే తిప్పదా మరి.

"వాసన వచ్చేది," అంటాను. "నేను చూసిన. రోజు వచ్చేది."

"వస్తది మేడం. ఇంటి మలుపు కాడ ఆగి, గ్లాసు అడుగున మిగిలింది జర కాలర్‌కు రాసుకునేటోడు."

"ఎందుకయ్యా?"

ఆయన జేబులోంచి కాగితం తీసి మడతలు సరిచేస్తాడు. ఇదొక్కటి ఆయన ఎవరికీ చెప్పినట్టు లేదు, చరిత్ర గొంతు కొంచెం తప్పుతుంది.

"వాసన రాకపోతే ఆమె ఊదమనుడు మానేస్తది గద. ఇగ దగ్గరికెందుకు వస్తది?"

వీధి దీపాలు వెలుగుతాయి. నేను లెక్క తప్పకుండా తలచుకుంటాను. పిల్లలు లేరని దిగులుపడి వేరే మంచం వేసుకున్నది నేనే. చెయ్యి తగిలితే విసుక్కున్నది నేనే. రోజు మొత్తంలో ఆయన మొహానికి నా మొహం దగ్గరైంది ఆ గడప మీదే. ఆసుపత్రిలో ఆఖరి నాలుగు రోజులు ఆయన ముక్కు మీద, నోటి మీద మాస్క్ ఉంది. ఆయన కళ్ళు నన్ను పదే పదే చూస్తుంటే నీళ్ళు కావాలేమో అనుకున్నాను.

డబ్బా కింద పెట్టేస్తాను. మూడు మెట్లు ఎక్కి గడప మీద నిలబడి, ఆయనను మెట్టు మీదికి రమ్మంటాను. వస్తాడు. మొహం దగ్గర మొహం పెడతాను.

"ఊదు."

"డ్యూటీల..."

"విఠలూ. ఊదు."

ఇరవై రెండేళ్ళలో పేరు పెట్టి పిలిచింది ఇప్పుడే. ఆయన కళ్ళు నన్ను గుర్తుపడతాయి. నవ్వబోయి, నవ్వితే ఊదడం కుదరదని ఆపుకుని, ఊదుతాడు.

ఏ వాసనా లేదు. కడిగి బోర్లించిన గ్లాసు వాసన. ఆయన ఆపడు. పదమూడు రోజులుగా ఆపుకున్న ఊపిరంతా వదులుతున్నాడు. వదిలేకొద్దీ బుగ్గలు తగ్గుతాయి, భుజాలు తగ్గుతాయి, చొక్కా లోపల మనిషి పలచబడతాడు. గాల్లో కలిసిపోనివ్వడానికి నాకు మనసొప్పదు. నోరు తెరిచి మొత్తం పట్టుకుంటాను. చివరి గుక్క కూడా అందాక పెదాలు బిగిస్తాను. మెట్టు మీద చొక్కా, ప్యాంటు నెమ్మదిగా కూర్చుంటాయి.

"తర్వాతేమైందండీ?" అని రాజమండ్రి ఆవిడ నన్ను అడుగుతుంది. ఎనిమిది మందీ ఇప్పుడు నా వైపే తిరిగి ఉన్నారు. చెప్పాల్సింది ఇంకా చాలా ఉంది, మొత్తం తెలిసిన మనిషిని ఇక నేనే. కానీ నోరు తెరిస్తే ఆయన పోతాడు. బుగ్గలు పూరించి తల అడ్డంగా ఊపుతాను. వాళ్ళకు అర్థమవుతుంది. ఒక్కొక్కరే మెట్లెక్కి, మూసిన తలుపు ముందు విప్పినట్టు నా పెదాల ముందు చెప్పులు విప్పి, జతలు జతలుగా పక్కకు పెట్టి, చేతులు కట్టుకుని నిలబడతారు.

అప్పుడు నా పళ్ళ మీద, లోపలి నుంచి, ఎవరో తడతారు. ఒకసారి. రెండోసారి. ఎప్పటి చెయ్యే, మెత్తగా, పక్కింటివాళ్ళు లేవకుండా.

మూడోసారి తడతాడు. నేను తీయను.