బిగించిన చెయ్యి తాళం తిప్పదు

బస్సులు బాగుచేసే ఆ వర్క్‌షాపులో ఆమె అసలు పేరుతో ఎవరికీ పనిపడలేదు. మొదటిరోజే ఆమె చేతిలోని పుస్తకం చూసి నోటుబుక్కమ్మ అనేశారు, అదే ఖాయమైపోయింది. మనుషుల నడవడిక మీద పరిశోధన చేయడం ఆమె పని. పూర్వం ఈ శాస్త్రంవాళ్ళు పడవలెక్కి ఎక్కడెక్కడి దీవులకో పోయి, అక్కడివాళ్ళ మధ్య మకాం పెట్టి, వాళ్ళెందుకు నవ్వుతారో ఎందుకు తగువులాడుకుంటారో రాసుకొచ్చేవారట. ఇప్పుడంత దూరం పోనక్కర్లేదు, రెండు వీధుల అవతల కూర్చున్నా శాస్త్రమేనని ఒప్పుకున్నారు. దీవిలో అయితే గాలైనా బాగుండేది. ఇక్కడ నోటుబుక్కమ్మకి దక్కింది పనిముట్ల గది కిటికీ పక్కన ఒక బోర్లించిన డబ్బా, పొద్దస్తమానం డీజిల్ వాసనాను.

ఆ డబ్బా మీద ఎనిమిది నెలలు కూర్చుంది. టీ వేళ ఎవరు ఎవరి పక్కన కూర్చుంటారు, ఎవరి స్పానరు ఎవరు ముట్టుకుంటే గొడవవుతుంది, ఇలాంటివన్నీ రాసింది. అయితే ఆమె పరిశోధన మొత్తం నిలబడింది మాత్రం ఒక్క సంగతి మీద. అది వచ్చిన మూడోరోజునే దొరికింది.

ఆ రోజు పెద్దాయన ఒక ఇంజను బిగించడం పూర్తిచేశాడు. అక్కడ అందరికన్నా సీనియరు మెకానిక్కు ఆయన. నట్లన్నీ ఒకసారి తడిమి చూసుకుని, గుడ్డతో చేతులు తుడుచుకుని, పక్కకి తప్పుకున్నాడు. ఎక్కడినుంచో, అందరూ పొడుగాయన అని పిలిచే ఇంకో మెకానిక్కు వచ్చి డ్రైవరు సీటెక్కి తాళం తిప్పాడు, ఒక నిమిషం చెవొగ్గి విన్నాడు, బొటనవేలెత్తి చూపించాడు. నోటుబుక్కమ్మ ఊరుకుంటుందా? పనిముట్లు ఇచ్చి పుచ్చుకునే స్టోరక్కని కిటికీలోంచి అడిగింది.

"బిగించింది ఆయన కదా. ఆయనే స్టార్ట్ చెయ్యలేదేంటక్కా?"

స్టోరక్క కన్నార్పకుండా చెప్పింది. "అది మా ఆనవాయితీ. బిగించిన చెయ్యి తాళం తిప్పదు."

నోటుబుక్కమ్మ గుండె గంతులేసింది. అప్పటినుంచి కళ్ళల్లో వత్తులేసుకుని చూస్తే నిజంగానే అందరూ అంతే. ఇంజను ఎవరు బిగించినా తాళం తిప్పేది ఇంకొకరు. చేసిన పని మీద నాది అనే పట్టు వదిలేసే క్షణం అదని, అందులో ఎంతో వినయం ఉందని ఇరవై రెండు పేజీలు రాసి పారేసింది. మెచ్చుకోవడంలో పరమ పిసినారి అయిన ఆమె ప్రొఫెసరు మేడమ్ కూడా ఆ పేజీలు చదివి, "ఇదమ్మా నీ వెన్నెముక" అంది. నోటుబుక్కమ్మ వారం రోజులు గాల్లో తేలింది.

మేడమ్‌కి ఒక నియమం ఉంది. ఎవరి గురించి రాశామో వాళ్ళ ముందు చదివి వినిపించాకే ఆ రాత పైకి వెళ్ళాలి. అప్పజెప్పడానికి ఇంక పదిరోజులే గడువుండగా, శుక్రవారం టీ వేళ చదువుతానని నోటుబుక్కమ్మ అందరికీ చెప్పింది.

ఆ మాట విన్నప్పటినుంచి పెద్దాయన మనిషి మనిషిలా లేడు. మర్నాడు సాయంత్రం టిఫిన్ డబ్బా ఊపుకుంటూ గేటు దాకా ఆమె వెనకే వచ్చాడు.

"తల్లీ, ఒక్క మాట. ఎవరితోనూ అనకు."

"చెప్పండి బాబాయ్‌గారూ."

"నలభై ఏళ్ళబట్టి చేస్తున్నా ఈ పని. ఆ తాళం ఆనవాయితీ ఎప్పుడూ లేదమ్మా. నువ్వొచ్చాకే మొదలైంది. వీళ్ళంతా కలిసి నీ చెవిలో పువ్వు పెట్టారు. ఏదో సరదాకదా అని నేనూ నవ్వుకుని ఊరుకున్నా, అది నా తప్పే. కానీ నువ్వు దాన్ని చదువుకున్నవాళ్ళ ముందు పెడతానంటే నా వల్ల కాలేదు. మా చిన్నదానికీ నీ ఈడే. పదిమందిలో నవ్వులపాలవుతావు. కొట్టేయ్."

ఆయన తేలికపడ్డ మొహంతో వెళ్ళిపోయాడు. నోటుబుక్కమ్మ మాత్రం గేటు పట్టుకుని నిలబడిపోయింది. ఇరవై రెండు పేజీలు! వినయమట, పట్టు వదిలేయడమట! తన మీద తనకే ఒళ్ళు మండిపోయింది.

తెల్లారి ఆమె పనిముట్ల గదిలోకి గాలివానలా వచ్చిపడింది. "ఎనిమిది నెలలు నన్ను వెర్రిదాన్ని చేశారు కదక్కా! నేనేం అపకారం చేశాను మీకు?"

"ఎవరు చెప్పారు?"

"పెద్దాయనే. నేను నవ్వులపాలవుతానని భయపడి చెప్పారు."

స్టోరక్క స్టూలు మీద కూలబడింది. ముందు నవ్వింది. నవ్వుతూ నవ్వుతూనే కొంగుతో కళ్ళొత్తుకుంది. "ఆయనే చెప్పాడా! ఓసి పిచ్చిదానా, ఇదంతా ఆయన కోసమే!"

కిటికీ తలుపు వేసి, గొంతు తగ్గించి చెప్పింది. పెద్దాయనకి రెండేళ్ళుగా చెవులు సరిగ్గా పనిచెయ్యడంలేదు. ఒకప్పుడు బస్సు గేటు దాటేలోపే చప్పుడు విని ఎక్కడ తేడా ఉందో చెప్పిన మనిషి. చేతి పనితనం ఇప్పటికీ అంతే, బిగించడంలో ఆయన తర్వాతే ఎవరైనా. స్టార్ట్ చేశాక వినడమే కష్టం. అందుకని ఏదో ఒక వంకతో పక్కవాడు వెళ్ళి తాళం తిప్పేవాడు.

"నువ్వేమో వచ్చిన మూడోరోజే ఎందుకని అడిగావు. నువ్వు ఆఫీసు పంపిన మనిషివేమో అనుకున్నాం. నోటికొచ్చింది చెప్పేశా. చెప్పాక అందరూ చెయ్యాలి కదా, ఆయనొక్కడే చేస్తే దొరికిపోడూ? టీ తాగేప్పుడు కూడా మేమంతా అరుచుకుంటూ మాట్లాడతాం, ఎందుకనుకున్నావ్?"

నోటుబుక్కమ్మ దాని మీద కూడా అప్పటికే అయిదు పేజీలు రాసి ఉంది. ఆ సంగతి పైకి చెప్పలేదు.

"వినపడట్లేదని ఆయనకి తెలుసా అక్కా?"

"తెలుసు. మాకు తెలుసని ఆయనకి తెలీదు. ఇంకా పద్నాలుగు నెలలుంది సర్వీసు. ఆఫీసుకి తెలిసిందంటే గేటు దగ్గర కాపలా కుర్చీలో కూర్చోబెడతారు. చేతిలో పని లేకపోతే ఆయన బతకడమ్మా. నీ చదువుకి ఏం కావాలో అది రాసుకో, కాదనను. ఆయన సంగతి మాత్రం రాయకు."

నోటుబుక్కమ్మ డబ్బా మీద కూర్చుంది. కొట్టేస్తే పరిశోధనకి వెన్నెముక లేదు. ఉన్నదున్నట్టు రాస్తే పెద్దాయనకి కుర్చీ తప్పదు. పాతది అలాగే ఉంచుదామంటే అది అబద్ధమని ఇప్పుడు తెలుసు. ఎటూ పాలుపోక తల పట్టుకుంది.

గురువారం పెద్దాయన సెలవు పెట్టాడు. నోటుబుక్కమ్మకి గుట్టు తెలిసిపోయిందని స్టోరక్క అప్పటికే అందరి చెవినా వేసింది కాబట్టి, ఇక ఎవరి కోసమూ నాటకం ఆడే పనిలేదు. అయినా పొడుగాయన తన ఇంజను బిగించి, చేతులు తుడుచుకుని, పక్కకి తప్పుకున్నాడు. ఇంకొకతను వెళ్ళి తాళం తిప్పాడు.

"ఇంకా ఎందుకండీ? నాకు తెలిసిపోయిందిగా" అందామె.

పొడుగాయన బుర్ర గోక్కున్నాడు. "మనం బిగించినదాంట్లో మనకి తప్పు వినపడదమ్మా. పక్కవాడికి ఇట్టే దొరుకుతుంది. బాగుందని అలాగే చేస్తున్నాం. ఇప్పుడు మానేస్తే ఏదోలా ఉంటుంది."

ఆ మాటతో ఆమెకి ప్రాణం లేచొచ్చింది. వీధిలోకి పరిగెత్తి మేడమ్‌కి ఫోన్ చేసింది.

"అయితే అది అబద్ధమా?" అంది మేడమ్.

"పుట్టినప్పుడు అబద్ధమే మేడమ్. ఇప్పుడు నిజం. నేను అడగబట్టే పుట్టింది. అదే రాస్తాను."

"ఎందుకు పుట్టించారట?"

"అది నేను రాయను."

అటువైపు పేజీలు తిప్పుతున్న చప్పుడైంది. 

"రాయనివి కొన్ని ఉన్నాయని ముందుమాటలో ఒక్క వాక్యం పెట్టు" అంది మేడమ్ చివరికి. "అవేమిటో నాక్కూడా చెప్పకు."

శుక్రవారం టీ వేళ ఇంజన్లన్నీ ఆగాయి. టైర్ల మీదా బల్లల మీదా అందరూ చేరారు. పెద్దాయన ముందు వరసలో కూర్చుని, పాపం ఏం వినాల్సొస్తుందోనని మోకాళ్ళు పట్టుకున్నాడు. నోటుబుక్కమ్మ లేచి నిలబడి గొంతెత్తింది. పరిశోధన చేస్తానంటూ వచ్చి మూడోరోజే పప్పులో కాలేసిన ఒక తెలివైన అమ్మాయి గురించి చదివింది. ఆమె అడిగిన ఒక్క ప్రశ్నకి పుట్టిన ఆనవాయితీని వర్క్‌షాపంతా కలిసి ఎలా పెంచి పెద్దచేసిందో, అది ఇప్పుడు ఆమె లేకపోయినా తన కాళ్ళ మీద తను ఎలా నడుస్తోందో చదివింది. ఒక్క ముక్కా అబద్ధం లేదు. జనం కడుపులు పట్టుకుని నవ్వారు, పెద్దాయనైతే కళ్ళనీళ్ళొచ్చేదాకా నవ్వాడు.

నవ్వి నవ్వి, మొహం తుడుచుకుని అన్నాడు. "అంతా బాగుంది కానీ తల్లీ, మరీ అంత గట్టిగా చదివావేంటి? మాకేమన్నా చెవుడనుకున్నావా?"

అందరి నవ్వూ టక్కున ఆగింది. పొడుగాయన టీ గ్లాసులోకి చూశాడు. స్టోరక్క నోటుబుక్కమ్మ వైపు చూసింది.

"అలవాటైపోయింది బాబాయ్‌గారూ" అంది నోటుబుక్కమ్మ, ఇంకాస్త గట్టిగా. "మీ అందరి మధ్యా ఎనిమిది నెలలున్నాను కదా!"