తాళం బొమ్మ

“కంప్యూటరు నీ సైటు సురక్షితం కాదంటోందేంటి?” అని భర్త హాల్లోంచి కేకేసేసరికి ఆమె అంట్లు తోముతోంది. నాలుగు కళ్ళజోళ్ళు అమ్ముడైన రోజున అది ‘మన సైటు’. ఏదైనా తేడా వచ్చిందా, క్షణంలో ‘నీ సైటు’ అయిపోతుంది. పిల్లాడు అల్లరి చేస్తే తల్లి పెంపకం, ఫస్టొస్తే తండ్రి పోలిక అన్నట్టు.

కళ్ళజోళ్ళ షాపు భర్తది, మరిదిది. వాటిని ఇంటర్నెట్‌లో అమ్మే సైటు మాత్రం ఆమె చేతుల మీదుగానే పుట్టింది. ఒక్కో ఫ్రేమునూ తుడిచి, కిటికీ వెలుగులో ఫొటో తీసి, ధరలు ఎక్కించి, కొనేవాళ్ళ ప్రశ్నలకు పొయ్యి దగ్గర నిలబడే జవాబులిచ్చేది. “ఊరికే కూర్చునే బదులు కాస్త కాలక్షేపం” అని అత్తగారు చుట్టాలతో చెప్పేది. ఊరికే ఎప్పుడు కూర్చుందో ఆమెకెంత ఆలోచించినా గుర్తు రాలేదు.

చేతులు తుడుచుకుని వచ్చి చూసింది. సైటు అసలుదేనని హామీ ఇచ్చే సర్టిఫికెట్ గడువు తీరిపోయింది. తెర పైన సైటు పేరు పక్కన తాళం బొమ్మ ఉండాల్సిన చోట హెచ్చరిక ఉంది. సర్టిఫికెట్లు ఇచ్చే సంస్థలు బోలెడు. ఉచితంగా ఇచ్చేవి సైటు మన చేతిలో ఉందా లేదా అన్నదొక్కటే చూస్తాయి. డబ్బు తీసుకునే వాటిలో కొన్ని షాపుకే ఫోన్ చేసి, అడిగిన మనిషి ఎవరో విచారించి మరీ ఇస్తాయి. ఆమె ఈ రెండో రకమే ఎంచుకుంది. భద్రత ఎక్కువని భర్తకు చెప్పింది. నిజం అది కాదు. ఎవరో ఒకరు ఫోన్ చేసి తనెవరని అడుగుతారు, ఇంట్లో ఎవరో ఒకరు జవాబు చెప్పక తప్పదు. ఆ జవాబు చెవులారా వినాలని ఆశ. తలుచుకుంటే సిగ్గేసేంత ఆశ.

ఫోన్ భోజనాల వేళ వచ్చింది. తింటున్న చెయ్యి కదా, భర్త ఎడమచేత్తో స్పీకరు నొక్కాడు. అవతలి అమ్మాయి ఆమె పేరు చెప్పి, “ఈవిడ మీ సంస్థలో ఏం చేస్తారండీ?” అంది.

భర్త నవ్వాడు. “సంస్థలోనా? ఏం చెయ్యదండీ. మా ఇంట్లో మనిషే.”

“అంటే, సంస్థ తరఫున అడిగే అధికారం...”

“అబ్బే, అదేం లేదు. ఏదో సరదాకి చూస్తుంటుంది.”

అలాగైతే ఇవ్వడం కుదరదని చెప్పి ఆ అమ్మాయి పెట్టేసింది. మరిది కంచంలోంచి తలెత్తలేదు. “అమ్మాయ్, మంచినీళ్ళు” అంది అత్తగారు. ఆమె గ్లాసు నింపింది. ‘ఏం చెయ్యదు’ అన్న మాట తన దగ్గర ఇన్నేళ్ళూ ఎవరూ దాచలేదు. అడిగినవాళ్ళు లేరంతే.

అందరూ లేచాక ఎంగిలి కంచాలు అలాగే వదిలి కంప్యూటరు ముందు కూర్చుంది. ఉచితంగా ఇచ్చే సంస్థ ఆమె ఎవరని అడగలేదు. చిన్న ఫైలు ఒకటి ఇచ్చి, సైటులో పెట్టి చూపించమంది. పెట్టింది. అంతే, సైటు ఆమె చేతిలోనే ఉందని ఆ సంస్థ నమ్మేసింది. ఇంతకాలం కాపురం చేసిన మనిషికి తెలియని సంగతి యంత్రానికి నిమిషంలో తెలిసింది. ఆ తలపుకి సంతోషం కలగకపోగా ఏడుపొచ్చింది.

చివర్న ఒక ప్రశ్న మిగిలింది. ఈ సర్టిఫికెట్ మూడు నెలలే పనిచేస్తుంది, గడువు దగ్గరపడ్డప్పుడల్లా దానంతటదే కొత్తది తెచ్చుకోవాలా? ఎవరూ అడగకుండా, ఎవరికీ తెలియకుండా, ఎప్పటికప్పుడు. తను పొద్దున్నే లేచినట్టు. ఆమె ‘వద్దు’ నొక్కింది.

“తాళం వచ్చేసిందే” అన్నాడు భర్త హాల్లోంచి. “ఇక నువ్వు దాన్ని చూడక్కర్లేదుగా?”

“చూడను” అంది.